పలకని పైపు

“పిల్ల వెళ్లదంటే వెళ్లదండీ,” అని లోవమ్మ మూడోసారి అంది.

పెనం మీద అట్టు అంచులు లేచి ముడుచుకుపోతున్నాయి. అట్లకాడ చేతిలోనే ఉంది గాని తిప్పాలన్న ధ్యాస లేదామెకి. వంటింటి గడపలో కూర్చుని మనవరాలి కొత్త గౌనుకి హుక్కులు కుడుతున్న అత్తగారు మాణిక్యం సూదిని అలాగే గాల్లో ఆపింది.

“పిల్లల పండగ శుక్రవారం. ఇయ్యాళ మంగళవారం. మూడ్రోజుల ముందే దానికి ఒంట్లో బాగోదని నీకెలా తెలిసిందే? హెడ్మాస్టారు మన గుమ్మంలోకొచ్చి చెప్పేరు. ఊయల చేసింది మన షాపు, మొట్టమొదట ఎక్కేది మీ భవానీయే అని. ఊళ్లో ఇంతమంది పిల్లలుండగా ఆ మర్యాద మనకి చేస్తుంటే కాదంటావేంటి?”

“మర్యాద ఎవరికి చేసినా పర్లేదండీ. మనకొద్దు.”

“ఎందుకొద్దో అది చెప్పు.”

లోవమ్మ మాడిన అట్టు తీసి తన పళ్లెంలో వేసుకుని, పెనం మీద నీళ్లు చిలకరించింది. పెనం చుయ్యిమంది. ఒక జడ అల్లి, ఒక జడ విడిచిన తలతో ఎనిమిదేళ్ల భవాని తల్లి కొంగు పట్టుకుంది.

“ఒక్కసారే ఎక్కుతానమ్మా. నిలబడను. కూర్చునే ఊగుతాను.”

పెరట్లో డ్రమ్ము దగ్గర మొహం కడుక్కుంటున్న భర్త వైపు తిరిగింది లోవమ్మ. “మీరు చెప్పరేంటండీ?”

వీర్రాజు తువ్వాలు మొహానికి అడ్డం పెట్టుకున్నాడు. తుడుచుకోవడానికి పట్టేంత సేపు కన్నా కాస్త ఎక్కువసేపే పెట్టుకున్నాడు. “వాళ్లమ్మ ఇష్టం,” అని తువ్వాలు లోంచే అన్నాడు.

“అదేం మాట్రా! షాపు నీది. ఊయల నీది. పిల్ల నీది. ఇష్టం మాత్రం దానిదా?”

వసారాలో మడత కుర్చీలో టీ తాగుతున్న మామగారు వెంకటస్వామి గ్లాసు కింద పెట్టి, పక్కింటికి కూడా వినపడేలా కేకేశాడు. “ఏంటర్రా పొద్దున్నే ఆ గోల?”

“నీ మనవరాలు ఊయలెక్కాలా, వద్దా అని!” అని మాణిక్యం అంతకన్నా గట్టిగా అరిచింది.

“ఆయ్, ఆయ్,” అని ఆయన సంతోషంగా తల ఊపాడు. క్రితం వానాకాలం నుంచి ఆయన దేనికైనా ఆయ్ అంటున్నాడు. అన్నం పెట్టమంటారా అన్నా ఆయ్, కరెంటు పోయింది అన్నా ఆయ్.

భవాని కిసుక్కున నవ్వింది. “తాతకి విన...”

“నోర్ముయ్,” అని నాయనమ్మా, అమ్మా ఒక్కసారే అన్నారు. ఇంట్లో ఆ పొద్దున వాళ్లిద్దరూ ఏకమైన మాట అదొక్కటే.

*

వాళ్ల వెల్డింగు షాపు కొత్తపేటలో మెయిన్‌రోడ్డు వారగా, కాలవ గట్టు దిగే మలుపులో ఉంది. గేట్లు, కిటికీ గ్రిల్సు, ధాన్యం బళ్లకి ఇరుసు కమ్మీలు చేస్తారు. ఏడాదిగా స్కూళ్లకి జారుడుబల్లలూ ఊయలలూ కూడా మొదలుపెట్టారు. వీర్రాజు కోస్తాడు, అతికిస్తాడు. లోవమ్మ గరుకు కాగితంతో రుద్ది, తుప్పు పట్టకుండా రెడాక్సైడు పూసి, దాని మీద రంగు వేస్తుంది. ఇనుము మీద బ్రష్షు ఎటు లాగాలో, చినుకుల రోజుల్లో రంగు ఎంతసేపటికి ఆరుతుందో ఆమెకి తెలిసినంత వీర్రాజుకి తెలియదు.

ఆ మధ్యాహ్నం ముత్యాలరాజుగారు కొత్త గేటు కోసం ట్రాలీ ఆటో తోలించుకొచ్చారు. గేటు ఎక్కించబోతుంటే ఆయనే ఆపారు. “ఉండండ్రా. పెద్దాయన కొట్టి చూడాలిగా.”

వెంకటస్వామి చిన్న సుత్తి పట్టుకుని వచ్చాడు. గేటు నాలుగు మూలలా, మధ్య కమ్మీ మీదా ఒక్కొక్క దెబ్బ కొట్టాడు. కొట్టినప్పుడల్లా కళ్లు మూసుకుని తల పక్కకి వాల్చాడు. ఖంగు ఖంగుమని రోడ్డవతల దాకా వినపడింది.

“పలికింది,” అన్నాడు.

ఆ మాట కోసమే నిలబడ్డ ముత్యాలరాజుగారు దణ్ణం పెట్టి గేటు ఎక్కించుకున్నారు. ఆ షాపు నుంచి ఆ మాట లేకుండా ఏ వస్తువూ బయటికి పోదు. ఇనుములో పగులున్నా, అతుకు గుల్లగా ఉన్నా ఆయన చెవికి దొరికిపోతుందని చుట్టుపక్కల ఊళ్లన్నిటికీ నమ్మకం.

లోవమ్మ బ్రష్షు కిరసనాయిల్లో ముంచి కడుగుతూ మొగుడి వైపు చూసింది. వీర్రాజు నేల చూపులు చూస్తూ రాడ్డు ముక్కలు ఏరుతున్నాడు. పదిహేను రోజుల కిందట ఊయల పైపుల మీద ఇదే సుత్తి పడినప్పుడు కూడా అతను సరిగ్గా అలాగే నేల చూశాడు.

ఆ పైపులు ముమ్మిడివరం అవతల తెగులొచ్చి మూసేసిన రొయ్యల చెరువు దగ్గర తుక్కుగా కొన్నవి. మామగారే వెళ్లి ఏరి తెచ్చారు. పైన రుద్దితే వెండిలా తేలాయి. కాని ఏళ్ల తరబడి వాటిలో నడిచింది ఉప్పునీరు. అతికించేటప్పుడు రెండు చోట్ల పైపు కొవ్వొత్తిలా కరిగి కన్నం పడింది. వీర్రాజు మొహానికి అడ్డం పెట్టుకున్న నల్లద్దం పైకెత్తి తండ్రి వైపు చూశాడు. తండ్రి సుత్తితో కొట్టాడు. ఖంగుమనలేదు. తడిసిన కొబ్బరి పీచు డొక్క మీద కొట్టినట్టు దబ్బుమంది. వీర్రాజు విన్నాడు, లోవమ్మ విన్నది, పలక పట్టుకుని గుమ్మంలో కూర్చున్న భవాని కూడా తలెత్తి చూసింది.

“పలికింది,” అన్నాడు పెద్దాయన.

వీర్రాజు కన్నాల మీద రాడ్డు కరిగించి పోసి పూడ్చాడు. దాని మీద లోవమ్మ లప్పం రాసి, నున్నగా రుద్ది, పసుప్పచ్చ రంగు వేసింది.

*

బుధవారం లోవమ్మ బళ్లో రంగు చెక్కుకుపోయిన చోట్ల దిద్దడానికి డబ్బా, బ్రష్షు తీసుకుని వెళ్లింది. రాత్రి ముసురుకి ఆవరణంతా చిత్తడిగా ఉంది. జారుడుబల్ల బాగానే ఉంది. అది కొత్త ఇనుముతో చేసింది. ఊయల కాళ్ల దగ్గర కూర్చుని చూస్తే, సిమెంటు దిమ్మలోకి దిగే చోట రంగు బొబ్బలెక్కింది. వేలితో నొక్కింది. బొబ్బ పగిలి వేలికి ఎర్రటి తుప్పునీరంటింది.

ఇంటర్వెల్ గంట కొట్టారు. ఆమె లేచేలోపే పిల్లలు ఒరుసుకుంటూ వచ్చి మీద పడ్డారు. అయిదో క్లాసు ఆడపిల్లలిద్దరు ఎదురెదురుగా బల్ల మీద నిలబడి గొలుసులు పట్టుకుని ఊపు మొదలెట్టారు. మోకాళ్లు వంచి, లేచి, వంచి, లేచి, ప్రతిసారీ కాస్త పైకి. ఊయల అటు వెళ్లినప్పుడు కిర్రు, ఇటు వచ్చినప్పుడు కిర్రు. చుట్టూ ఉన్నవాళ్లు లెక్కపెడుతున్నారు.

లోవమ్మ డబ్బాలోకి చూసింది. పసుప్పచ్చ రంగు మీద ఎర్రటి పొట్టు రాలి ఉంది. తలెత్తింది. పైన అడ్డపైపు అతుకు దగ్గర్నుంచి, కిర్రుమన్నప్పుడల్లా ఇంకాస్త రాలుతోంది.

“దిగండే! దిగండమ్మా!”

వాళ్లకి వినపడలేదు. ఆమె డబ్బా వదిలేసి అడ్డంగా వెళ్లి గొలుసు పట్టుకుంది. బల్ల అంచు వచ్చి మోకాలి చిప్పకి తగిలింది. కళ్లు బైర్లు కమ్మినా గొలుసు వదల్లేదు. పిల్లలిద్దరూ కిందికి దూకి మూతులు ముడిచారు.

“మా వంతు ఇంకా అవలేదత్తా! పదిహేడే అయ్యేయి!”

గోలకి హెడ్మాస్టారు దేవసహాయంగారు కళ్లజోడు సర్దుకుంటూ వచ్చారు. ఈ ఊయల కోసం ఆయన రెండేళ్లు చందాలకి ఇల్లిల్లూ తిరిగారు. “ఏమైందమ్మా?”

లోవమ్మ నోరు తెరిచింది. పైపు పుచ్చిపోయిందండీ అనాలి. అంటే ఆయన అడిగే రెండో మాట ఏదో తెలుసు. వెంకటస్వామిగారు కొట్టి చూడలేదా అంటారు. దానికి జవాబు ఆమె నోట ఈ పూటకి రాదు.

“రంగింకా ఆరలేదండీ,” అంది. “ఇయ్యాళా రేపూ ఎవర్నీ ఎక్కనివ్వకండి.”

“ఆయ్, అలాగేనమ్మా. అయినా శుక్రవారం తెరిచేదాకా వద్దన్నా, ఎక్కండర్రా అన్నట్టే వీళ్లకి.” ఆయన నవ్వారు. “మీ అత్తగారు కనపడి చెప్పేరు, పాపకి ఒంట్లో బాగోలేదంట కదా. ఎలాగైనా శుక్రవారానికి తీసుకురండి. మరీ నీరసంగా ఉంటే ఏం చేస్తాం, రెండో వంతుకి చీటీలేస్తే శారోన్ పేరొచ్చింది. అదే మొదట ఎక్కుద్ది.”

శారోన్ అక్కడే ఉంది. కొబ్బరి డొక్కలు కొట్టే సాలమోను కూతురు. ఒకటో క్లాసు. ముక్కు మీద పసుప్పచ్చ రంగు చుక్క ఉంది. మాస్టారి లాల్చీ పట్టుకుని లోవమ్మ వైపు చూస్తూ, “భవానక్క రాకపోతే నేనే ఫస్టంట,” అంది. అని, భవానక్కకి జ్వరం రావాలని కోరుకున్నట్టు తెలిసిపోయిందేమోనని సిగ్గుపడి మాస్టారి వెనక్కి పోయింది.

లోవమ్మ మోకాలు రాసుకుంది. డబ్బా ఎత్తుకుని, వచ్చినదారినే కుంటుకుంటూ నడిచింది. పిల్లని పంపనని మూడుసార్లు అన్నప్పుడు ఆ ఖాళీలో ఇంకొకత్తి వచ్చి కూర్చుంటుందన్న ఆలోచన ఆమెకి రాలేదు.

*

షాపు రేకు తలుపు దించుతుండగా మొగుడితో చెప్పింది. ఎర్రపొట్టు రాలడం, ఊయల కాలి దగ్గర బొబ్బ, శారోన్ మాట, అన్నీ చెప్పింది.

వీర్రాజు తాళం కప్పతో ఆడుతూ విన్నాడు. “పెద్దపండగ సెలవులకి మార్చేద్దామనుకుంటున్నాను. కొత్త పైపులు వేసి, ఎవరికీ చెప్పకుండా.”

“అప్పటిదాకా?”

“అప్పటిదాకా ఎక్కేది చిన్నపిల్లలేగా. ఎంత బరువుంటారు?”

“అయితే మన పిల్లని పంపిద్దామా?”

అతను తాళం వేశాడు. లాగి చూశాడు. మళ్లీ లాగి చూశాడు.

“నన్నేం చెయ్యమంటావే? నాన్న పలికిందన్నాక, కాదు నాన్నా, నీకు వినపట్టంలేదు అని నలుగుర్లో అననా? ఆ సుత్తి తీసేసుకుంటే ఆయనకింకేం మిగులుద్ది? చెప్పు.”

“నలుగుర్లో అనక్కర్లేదండీ. ఇంట్లో అనొచ్చుగా.”

“నువ్వను.”

“నేను కోడల్నండీ.”

“నేను కొడుకుని,” అన్నాడు వీర్రాజు. “నీ నోటికి రానిది నా నోటికెలా వస్తుంది? కన్నాలు నేను పూడ్చేను, నిజమే. రంగు నువ్వే వేసేవుగా?”

ఇద్దరూ ఒకళ్ల వెనక ఒకళ్లు గట్టు మీద ఇంటికి నడిచారు.

*

గురువారం తెల్లవారగానే లోవమ్మ కుర్చీ దగ్గరికి వెళ్లి వంగింది. “మావయ్యగారూ, బడిదాకా ఒకసారి వస్తారా?”

“ఆయ్,” అన్నాడాయన, కదలకుండా.

ఆమె ఆయన చెప్పులు తెచ్చి కాళ్ల దగ్గర పెట్టింది. ఆయన చెప్పుల వైపూ, కోడలి మొహం వైపూ చూసి లేచాడు. గూట్లోంచి సుత్తి తీసి జేబులో వేసుకున్నాడు.

బళ్లో ఇంకా ఎవరూ రాలేదు. నీరెండ జారుడుబల్ల మీద పడుతోంది. ఊయల దగ్గరికి రాగానే వెంకటస్వామి అలవాటుగా సుత్తి తీశాడు. ఎడమ కాలి మీద ఒక దెబ్బ, కుడి కాలి మీద ఒక దెబ్బ కొట్టాడు. కళ్లు మూసుకున్నాడు. తల వాల్చాడు.

“పలికిందమ్మా,” అన్నాడు గట్టిగా. “పిల్లని పంపించు. ఏం భయం లేదు.”

లోవమ్మ మామగారిని ఎన్నడూ ముట్టుకున్నది లేదు. ఆయన మణికట్టు పట్టుకుని కిందికి వంచి, బొటనవేలు తీసుకెళ్లి బొబ్బ పగిలిన చోట పెట్టించింది. వేలి కింద రంగు మెత్తగా లోపలికి దిగింది. కొంగున కట్టి తెచ్చిన స్క్రూడ్రైవరు విప్పి అక్కడ ఆనించి నొక్కింది. పెద్ద బలం అక్కర్లేకుండానే అది సగందాకా దిగబడింది. బయటికి లాగితే ఆ కన్నంలోంచి ఎర్రటి నీరు సన్నగా కారి సిమెంటు దిమ్మ మీద పాకింది.

ఆయన ఆ నీటిని వేలితో తీసి చూశాడు. తర్వాత గొంతుక్కూర్చుని, చెవి పైపుకి ఆనించి, సుత్తితో కొట్టాడు. ఇంకా కొంచెం పైన కొట్టాడు. అడ్డపైపు కింద నిలబడి, చెయ్యి చాచి దాన్నీ కొట్టాడు. కన్ను రెప్ప వెయ్యకుండా చెవితో వెతికాడు. పొట్టు రాలి ఆయన భుజం మీద పడింది.

“నీకు వినపడిందా?” అని అడిగాడు.

లోవమ్మ తలూపింది. “డొల్లగా ఉందండీ.” ఆయనకి పెదాలు కనపడేలా ఎదురుగా నిలబడి మళ్లీ అంది. “డొల్ల.”

“ఇప్పుడు కాదు. షాపులో కొట్టినప్పుడు.”

ఆమె చీర చెరగు వేలికి చుట్టుకుంది, విప్పింది.

“వినపడిందండీ.”

“వాడికి?”

“ఆయ్.”

“పిల్లకి?”

ఆమె ఆయన కళ్లలోకి చూడలేకపోయింది. తల మాత్రం ఊపింది.

వెంకటస్వామి సుత్తి జేబులో వేసుకున్నాడు. గేటు వైపు నడిచాడు. ఆయన్ని అలా వదలాలో, కూడా వెళ్లాలో తెలియక ఆమె ఒక క్షణం ఆగింది. చివరికి బళ్లోంచి నిచ్చెన తెచ్చుకుని, ఊయల బల్ల పైకెత్తి, గొలుసులు అడ్డపైపుకి చుట్టి బైండింగు తీగతో నాలుగు మెలికలు తిప్పి బిగించింది. ఎంత పొడుగు పిల్లకీ అందదు. తీగ కొస గీసుకుని అరచేయి చీరింది. వెనక్కి తిరిగి చూసేసరికి ఆయన గేటు దాటి చాలా దూరం వెళ్లిపోయాడు. ఇంటివైపు కాదు, షాపువైపు.

*

మధ్యాహ్నం అన్నాలకి ఆయన వచ్చాడు. కాళ్లు కడుక్కుని పీట మీద కూర్చున్నాడు. మాణిక్యం బీరకాయ కూర వేస్తుంటే చాలని చెయ్యి అడ్డం పెట్టాడు. లోవమ్మ అన్నం గిన్నెతో నిలబడిపోయింది. ఆయన్నేం చేశావని వీర్రాజు ఆమెని కళ్లతోనే అడుగుతున్నాడు.

ఒంట్లో బాగోలేదని బడి మాన్పించినా గేటు దాకా వెళ్లిన భవాని పరుగెత్తుకుంటూ వచ్చింది. “నాన్నా! ఊయల పైకి కట్టేశారెవరో! పిల్లలందరూ ఏడుస్తున్నారు. రేపే కదా అని మాస్టారు నిన్ను వెంటనే రమ్మన్నారు.”

వీర్రాజు ముద్ద కలిపిన చెయ్యి కంచంలో ఉంచేసి భార్య అరచేతి మీది గీత చూశాడు. “నువ్వేనా?”

“నేనేనండీ.”

“బుద్ధుందా నీకు? రేపు ఊరంతా వస్తారు. ఇప్పుడు నేను మాస్టారికి ఏం చెప్పాలి?”

“ఏంటే ఇది, ఎక్కడి గొడవే?” అని మాణిక్యం గరిటె కింద పెట్టింది. “పిల్లని పంపనంటావు. ఊయల కట్టేస్తావు. మన షాపు పరువు నువ్వే తీస్తావా ఏంటి?”

“పరువు తీసేది కోడలు కాదు,” అన్నాడు వెంకటస్వామి.

అందరూ ఆయన వైపు తిరిగారు. కోడలి మొహం, కొడుకు మొహం, భార్య మొహం వరసగా చూశాడాయన. మాటలు వినపడక పెదాలు చూస్తున్నాడని తల్లీకొడుకులకి అప్పుడే తెలిసింది, తెలిసినట్టు ఎవరూ కనపడనివ్వలేదు.

“ఊయల తీసేస్తున్నాం,” అన్నాడు. చాలా మెల్లిగా అన్నాడు. “రేపు జారుడుబల్ల ఒక్కటే తెరుస్తారు. కాళ్లూ అడ్డపైపూ ఇయ్యాళే కోసేద్దాం. ఒరే, అన్నం తిని కట్టరు తీసుకుని రా.”

“నాన్నా, మాస్టారు ఎందుకని అడుగుతారు. సెలవులకైతే మెల్లిగా...”

కొడుకు పెదాలు ఆగేదాకా ఆయన చూశాడు.

“అడిగితే నేను చెప్తాను. పుచ్చిన పైపులు ఏరింది నేనే, వినపడకుండా పలికిందన్నదీ నేనే అని చెప్తాను. మీరెవరూ నోరు విప్పక్కర్లేదు.” కంచంలో మెతుకులు ఒక పక్కకి జరిపాడు. “ఇన్నాళ్లూ విప్పలేదుగా.”